రాలిన బర్చ్ ఆకులో పచ్చగా మిగిలిపోయిన మచ్చ: ఇది ఏ పురుగు పని?

చిరుకొమ్మ (అక్టోబరు 6)

సభ్యులందరికీ నమస్కారం. నేను రోజూ నడిచే దారి పక్కన నాలుగైదు వెండి బర్చ్ చెట్లు ఉన్నాయి. మన పాత గ్రంథాల్లో భూర్జమని చెప్పే చెట్టుకు ఇవి దగ్గరి చుట్టాలు. ఆకులు పసుపు తిరిగి రాలుతున్న ఈ రోజుల్లో నాకొక వింత కనిపించింది. ఆకంతా నిమ్మపండు రంగుకు మారిపోయినా, దాని మీద చిటికెన వేలి గోరంత మేర మాత్రం వేసవిలో ఉన్నంత పచ్చగా మిగిలి ఉంది. ఆ పచ్చదనం మధ్యలో వెలిసిపోయినట్టున్న ఒక బొబ్బ, బొబ్బ నడుమ గుండుసూది తలంత నల్లటి చుక్క ఉన్నాయి. ఒక ఆకులో ఒకటే ఉంటే మరొక ఆకులో మూడు పక్కపక్కనే ఉన్నాయి. ఇది తెగులా, పురుగా? చచ్చిన ఆకులో ఆ ముక్క ఒక్కటే ఎలా బతికి ఉంది?

ఆకురాయి (అక్టోబరు 6)

బర్చ్ ఆకుల్లో బొబ్బ అనగానే నాకు గుర్తొచ్చేది రంపపు ఈగ. ఫెన్యూసా ప్యూమిలా అనే ఆ చిన్న నల్ల కీటకం ఐరోపా నుంచి ఉత్తర అమెరికాకు చేరి, అక్కడి బర్చ్ చెట్లను చాలాకాలం పీడించింది. దాని పిల్లపురుగులు ఆకు రెండు పొరల మధ్య దూరి లోపలి కండ తినేస్తాయి, పైపొర గోధుమరంగు కాగితంలా ఉబ్బుతుంది. మీరు చెప్పినది కూడా అదే అయి ఉండవచ్చు.

భూతద్దం (అక్టోబరు 7)

ఆకురాయి గారి అనుమానం సహజమైనదే కానీ, బొబ్బ ఆకారం ఒక్కటి చూసి పేరు పెట్టడం మంచిది కాదు. బర్చ్ ఆకును తొలిచే కీటకాల్లో చిమ్మటలూ ఉన్నాయి, రంపపు ఈగలూ ఉన్నాయి, ఒకటి రెండు ముక్కు పురుగులు కూడా ఉన్నాయి. వీటిలో చాలావాటి రెక్కల పురుగును మనం జీవితంలో ఒక్కసారి కూడా చూడకపోవచ్చు. అయినా అది తొలిచిన సొరంగం చూసి పేరు చెప్పగలం, ఎందుకంటే గుడ్డు ఎక్కడ పెట్టిందో, పురుగు ఎటు తిన్నదో, రెట్ట ఎక్కడ వేసిందో, ఏ చీలిక గుండా బయటికి పోయిందో అంతా ఆకులోనే అచ్చుపడి ఉంటుంది.

అందువల్ల చిరుకొమ్మ గారు ఒక ఆకును వెలుతురుకు ఎదురుగా పట్టుకొని, పది రెట్లు పెద్దదిగా చూపే భూతద్దంతో మూడు సంగతులు చూసి చెప్పగలరా? మొదటిది, ఆ నల్లచుక్క దగ్గర ఆకు పైతలం మీద మెరిసే చిన్న పెంకు ఏమైనా అతుక్కొని ఉందా? రెండవది, లోపలి రెట్ట గింజల్లా చెదిరి ఉందా, దారపు పోగుల్లా ఉందా, చుక్కగా గడ్డకట్టి ఉందా? మూడవది, లోపల పురుగు ఉంటే దాని ఛాతీ దగ్గర మూడు జతల కాళ్లు కనిపిస్తున్నాయా?

చిరుకొమ్మ (అక్టోబరు 8)

ఈ ఉదయం పదకొండు ఆకులు ఏరుకొచ్చి చూశాను. మీరు అడిగిన పెంకు ఉంది. నల్లచుక్క నడిబొడ్డున, ఆకు పైతలం మీద, అతి చిన్న అభ్రకపు రేకులా మెరుస్తోంది, గోటితో గీరితే ఊడివచ్చింది. ఆ చుక్కలోనే ముదురు గోధుమరంగు రెట్ట గుండ్రంగా గడ్డకట్టి ఉంది. చుక్క దాటిన తరువాత బొబ్బలో అక్కడక్కడ చెదిరిన నల్ల రేణువులు తప్ప లోపల దాదాపు ఖాళీ. ఒక ఆకును దీపానికి ఎదురుగా పట్టుకున్నప్పుడు పురుగు కదలడం చూశాను. పాలిపోయిన రంగు, చదునైన శరీరం, ముందుకు చొచ్చుకొచ్చిన గోధుమరంగు తల. తలను కుడి నుంచి ఎడమకు, ఎడమ నుంచి కుడికి కొడవలి ఆడించినట్టు ఆడిస్తూ బొబ్బ అంచున ఉన్న పచ్చటి కండను గీకుతోంది. కాళ్లు మాత్రం ఎంత వెతికినా కనిపించలేదు. ఈ ఆకు నేల మీద పడి కనీసం రెండు రోజులై ఉంటుంది, అయినా పురుగు లోపల తాపీగా తింటూనే ఉంది.

భూతద్దం (అక్టోబరు 8)

మీరు చూసిన ఆ పెంకే రంపపు ఈగను పక్కన పెట్టేస్తుంది. రంపపు ఈగకు ఆ పేరు వచ్చిందే దాని గుడ్డు పెట్టే అవయవం రంపంలా ఉండడం వల్ల, అది ఆకును కోసి గుడ్డును లోపలికి దోపుతుంది కనుక బయట పెంకు మిగలదు. మీ పురుగు తల్లి గుడ్డును ఆకు పైతలానికి అతికించింది. పిల్లపురుగు గుడ్డు అడుగు భాగాన్నే కొరికి, ఒక్క క్షణమైనా బయటి గాలి సోకకుండా నేరుగా ఆకులోకి దిగింది. పైగా ఫెన్యూసా లార్వాకు ఛాతీ మీద కాళ్లు ఉంటాయి, మీ పురుగుకు లేవు.

ఇది నెప్టిక్యులిడే కుటుంబానికి చెందిన ఎక్టోయ్‌డీమియా ఆకల్టెల్లా అనే చిమ్మట. ప్రపంచంలోని అతి చిన్న చిమ్మటల్లో కొన్ని ఈ కుటుంబంలోనే ఉన్నాయి. దీని రెక్కలు పూర్తిగా చాచినా ఈ చివర నుంచి ఆ చివరకు సుమారు 6 మిల్లీమీటర్లు. నలుపు తిరిగిన ముందు రెక్కల మీద ఎదురెదురుగా తెల్లటి మచ్చలు ఉంటాయి. వేసవిలో ఎగురుతుంది, శరత్కాలంలో దీని లార్వా బర్చ్ ఆకుల్లో ఉంటుంది, ఏడాదికి ఒక్కటే తరం. పురుగు మొదట గుడ్డు చుట్టూనే తిరిగి తిని ఆ తొలినాటి రెట్టను అక్కడే కుక్కడం వల్ల నల్లచుక్క ఏర్పడుతుంది, ఆ తరువాత బొబ్బ నలువైపులా వ్యాపిస్తుంది. ఒకే ఆకులో అనేకం ఉండి ఒకదానితో ఒకటి కలిసిపోవడం కూడా ఈ జాతిలో మామూలే.

అదే బర్చ్ మీద స్టిగ్‌మెల్లా ప్రజాతి చిమ్మటలు కూడా ఉన్నాయి. అవి బొబ్బ కట్టవు. కూరగాయల ఆకుల మీద మనం పాముపొడ అని పిలిచేదానిలా, చివరిదాకా మెలికలు తిరిగిన సన్నని దారిని మాత్రమే తొలుస్తాయి. వాటిలో ఒక జాతికీ మరొక జాతికీ తేడా చెప్పడానికి ఆ దారిలో రెట్ట నడిమి గీతలా ఉందా, దారి నిండా పరుచుకొని ఉందా అని చూడాలి. మొత్తం మీద ఈ విద్యలో రెట్టను చూసి ముఖం చిట్లించుకొనే వారికి ప్రవేశం లేదు.

కిరణ్మయి (అక్టోబరు 9)

పురుగు పేరు తేలింది కానీ, చిరుకొమ్మ గారు అడిగిన రెండవ ప్రశ్న అలాగే మిగిలిపోయింది, నాకు అదే ఎక్కువ ఆసక్తికరంగా ఉంది. మొక్కల శరీరధర్మ శాస్త్రంలో ఈ పచ్చటి ముక్కను పచ్చదీవి అంటారు. శరత్కాలంలో ఆకు ఊరకే ఎండిపోదు. పత్రహరితాన్ని విడగొట్టి, మాంసకృత్తుల్లోని నత్రజనిని కొమ్మకు తిరిగి పంపించుకొని, ఖాళీ అయిన గోదాములాంటి ఆకును చివరకు వదిలేస్తుంది. అటువంటి ఆకులో ఇంకా ఎదగవలసిన పురుగు ఉంటే దానికి పస్తులే.

సైటోకైనిన్లు అనే మొక్కల హార్మోన్లు ఆకు ముసలితనాన్ని ఆపుతాయి. జర్మనీలోని హాలే నగరంలో కుర్ట్ మోథెస్ బృందం చేసిన ప్రయోగాల్లో, ఈ తరగతికి చెందిన కైనెటిన్‌ను ఆకు మీద ఒక చోట మాత్రమే పూస్తే ఆ చోటు పచ్చగా నిలవడమే కాకుండా, ఆకులోని అమైనో ఆమ్లాలు కూడా అక్కడికి చేరుకుంటున్నట్టు తేలింది. ఆ బృందంలోని ఎంగెల్‌బ్రెక్ట్, సహచరులతో కలిసి 1969లో నేచర్ పత్రికలో ఒక చిన్న వ్యాసం ప్రచురించారు. బర్చ్ ఆకుల్లోనూ ఆస్పెన్ ఆకుల్లోనూ ఆకుతొలుచు గొంగళి పురుగుల చుట్టూ ఏర్పడే పచ్చదీవులకు సైటోకైనిన్లతో సంబంధం ఉందని ఆ వ్యాసం చెప్పింది. అంటే మన సభ్యుడు నడక దారిలో ఏరిన ఆకు సరిగ్గా ఆ పరిశోధనకు వస్తువైన ఆకే.

ఆకురాయి (అక్టోబరు 9)

రంపపు ఈగ విషయంలో నేను పొరబడ్డానని ఒప్పుకుంటున్నాను. అయితే కిరణ్మయి గారి వివరణ మీద ఒక సందేహం ఉంది. పురుగు తొలిచేటప్పుడు సన్న ఈనెలు తెగిపోతాయి కదా. దారి తెగిన చోట నుంచి సరుకు బయటికి పోలేదు, కాబట్టి ఆ ముక్కలోని పోషకాలు అక్కడే చిక్కుకుపోయి అది పచ్చగా మిగిలి ఉండవచ్చు. హార్మోను దాకా పోకుండానే ఇది సరిపోదా?

కిరణ్మయి (అక్టోబరు 10)

మంచి ప్రశ్న, ఈ వాదన పాతదే. కానీ కేవలం దారి తెగడమే కారణమైతే, ఆకును తొలిచే ప్రతి కీటకం చుట్టూ ఇటువంటి పచ్చదీవి కనబడాలి, అలా కనబడదు. ఆస్పెన్ ఉదాహరణ ఇంకా స్పష్టంగా ఉంటుంది. మన చిమ్మటకు చెల్లెలి వరస అయిన ఎక్టోయ్‌డీమియా ఆర్జిరోపెజా ఆస్పెన్ ఆకు తొడిమ మీద గుడ్డు పెడుతుంది. లార్వా తొడిమ లోపలే తింటూ పైకి ఎక్కి, ఆకులు రాలే వేళకు ఆకు మొదట్లో, నడిమి ఈనెకూ పక్క ఈనెకూ మధ్య ఉన్న కోణంలోకి ప్రవేశిస్తుంది. పసుపుపచ్చని ఆకు మొదట్లో త్రికోణపు పచ్చముక్క మిగులుతుంది. పురుగు ఇంకా తినని కండ కూడా అందులో ఉంటుంది, తెగిన ఈనెల కథ దానికి సరిపోదు.

ఇంకొక అడుగు ముందుకు వేసిన పని కూడా ఉంది. ఆపిల్ ఆకును తొలిచే ఫిల్లోనోరిక్టర్ బ్లాంకార్డెల్లా అనే మరొక కుటుంబపు చిమ్మట మీద ఫ్రాన్స్ పరిశోధకులు 2010లో ప్రచురించిన ఫలితాల ప్రకారం, ఆ చిమ్మటలకు యాంటీబయాటిక్ ఇచ్చి వాటి లోపలి బాక్టీరియాను తొలగిస్తే, వాటి సంతానం తొలిచిన ఆకుల్లో పచ్చదీవి ఏర్పడలేదు. వోల్బాకియా అనే బాక్టీరియా మీదకే అనుమానం పోయింది. అయితే ఆపిల్ మీద తేలినదాన్ని తీసుకొచ్చి బర్చ్ మీద అతికించడానికి నేను సిద్ధంగా లేను, ఆ రెండు చిమ్మటలకూ బంధుత్వం చాలా దూరం.

ఆకురాయి (అక్టోబరు 10)

తినని కండ కూడా పచ్చగా ఉంటుందన్న మాటతో నా సందేహం చాలావరకు తీరింది. ధన్యవాదాలు.

పాత పరిశీలకుడు (అక్టోబరు 12)

చర్చ చదివి ఎవరైనా ఆ 1969 నాటి వ్యాసం వెతుక్కుంటారేమోనని ఒక హెచ్చరిక రాస్తున్నాను. అందులో ఆకల్టెల్లా అనే పేరు కనిపించదు, స్టిగ్‌మెల్లా ఆర్జెంటిపెడెల్లా అని ఉంటుంది. రెండూ ఒకే పురుగు, అప్పట్లో దాన్ని స్టిగ్‌మెల్లా ప్రజాతిలో లెక్కించేవారు. లిన్నేయస్ 1767లో ఆకల్టెల్లా అని పేరు పెట్టాడు, 1839లో జెల్లర్ ఆర్జెంటిపెడెల్లా అన్నాడు, పాత పుస్తకాల్లో చాలాకాలం రెండవ పేరే చెలామణి అయింది. లిన్నేయస్ వర్ణించినది ఈ పురుగునేనని తేల్చుకున్న తరువాత, ముందు పెట్టిన పేరే నిలుస్తుందన్న నియమం ప్రకారం మొదటిది తిరిగి వచ్చింది. దాగినది అనే అర్థమున్న పేరు ఆకు లోపల దాగే పురుగుకు తగినదే కానీ, అన్ని పేర్లూ అంత నిజాయితీగా ఉండవు. బర్చ్ ఆకు అడుగున గుడారంలా మడత వేసే మరొక చిన్న చిమ్మటకు ఫిల్లోనోరిక్టర్ ఉల్మిఫోలియెల్లా అని పేరు, అంటే ఎల్మ్ ఆకుది అని. అది ఎల్మ్ చెట్టు జోలికే పోదు. పేరు పెట్టినవాడు పొరబడినా, పేరు మాత్రం రెండు వందల ఏళ్లుగా అలాగే ఉండిపోయింది.

ఈ తొలిచే పని ఎంత పాతదో కూడా చెప్పాలి. అమెరికాలోని డకోటా శిలల్లో దొరికిన సుమారు 9 కోట్ల 70 లక్షల ఏళ్ల నాటి ఆకు శిలాజాల మీద, ఇప్పటి నెప్టిక్యులిడే కుటుంబపు సొరంగాలను పోలిన గుర్తులను 1994లో వర్ణించారు. అక్కడ కూడా పురుగు దొరకలేదు, దాని దారి మాత్రమే దొరికింది.

నీలిమేఘం (అక్టోబరు 14)

మా పెరటిలోని చిన్న బర్చ్ మీద కూడా ఇవే బొబ్బలు కనిపిస్తున్నాయి. ఏదైనా మందు కొట్టాలా? లేక రాలిన ఆకులు ఊడ్చి తగలబెడితే సరిపోతుందా?

భూతద్దం (అక్టోబరు 14)

మందు అవసరం లేదు. పురుగు రెండు పొరల మధ్య ఉంటుంది కనుక పైన చల్లినది దానికి సరిగ్గా తగలదు. చెట్టు ఎలాగూ వదిలేయబోతున్న ఆకునే అది తింటోంది, వేసవంతా పనిచేసిన ఆకులో చివరి నెల మిగులు మీద అది బతుకుతోంది. వసంతంలో లేత ఆకులను తొలిచే రంపపు ఈగ విషయం వేరు, అక్కడ చెట్టుకు నిజంగానే నష్టం ఉంటుంది. ఆకులు తగలబెడితే పురుగులు చస్తాయన్నది నిజమే కానీ, వాటితో పాటు వాటి లోపల పెరిగే బదనిక కందిరీగలు కూడా చస్తాయి. ఆకుతొలుచు పురుగుల సంఖ్యను అదుపులో పెట్టే వాటిలో ముఖ్యమైనవి ఆ కందిరీగలే.

చిరుకొమ్మ (అక్టోబరు 15)

నేను ఈ పురుగులను పెంచి రెక్కల పురుగును చూడాలనుకుంటున్నాను. నా దగ్గర ఇప్పుడు బతికున్న పురుగులతో ఏడు ఆకులు ఉన్నాయి. ఎలా పెంచాలో చెప్పగలరా?

పాత పరిశీలకుడు (అక్టోబరు 15)

మూత ఉన్న చిన్న గాజు సీసా అడుగున కొద్దిగా తడిపిన నాచు పరిచి, దాని మీద ఆకులు పెట్టండి. తడి ఎక్కువైతే బూజు, తక్కువైతే ఆకు ముడుచుకొని పురుగు చస్తుంది. నాచును పిండితే నీరు కారకూడదు, తాకితే చల్లగా తగలాలి. ఎదిగిన పురుగు ఆకు పొరను చీల్చుకొని బయటికి వచ్చి నాచులో చిన్న గూడు అల్లుకుంటుంది. అందరూ తప్పు చేసేది ఆ తరువాతే. సీసాను వెచ్చని గదిలో ఉంచితే గూటిలోని పురుగు ఎండిపోతుంది, లేదా అకాలంలో బయటపడుతుంది. వాన తగలని, ఎండ పడని చోట శీతాకాలమంతా బయటే ఉంచండి, దానికి చలి కావాలి. నేను మొదటి రెండేళ్లు సీసాను బల్ల మీద కళ్లెదుట పెట్టుకొని రోజూ మూత తీసి చూసి, ఒక్కదాన్ని కూడా దక్కించుకోలేకపోయాను.

చిరుకొమ్మ (అక్టోబరు 27)

ఏడింటిలో అయిదు బయటికి వచ్చి గూళ్లు కట్టాయి. ఒకటి నాచుకు బదులు సీసా గోడకే అల్లుకోవడం వల్ల పని జరుగుతుండగా చూడగలిగాను. చదునుగా, అండాకారంలో, చింతగింజలో పదో వంతు కూడా లేని గోధుమరంగు గూడు. మిగిలిన రెండు ఆకుల్లో పురుగులు చచ్చిపోయాయి, ఒకదాని మీద బూజు పట్టింది. సీసాను బయట గోడవారగా పెట్టాను, మూత తీయడం లేదు.

నీలిమేఘం (మే 9)

మళ్లీ నేనే. ఆ చిన్న బర్చ్ మీద ఇప్పుడే విచ్చిన ఆకుల్లో పెద్ద పెద్ద బొబ్బలు లేచాయి. మీరు శరత్కాలపు పురుగన్నారు కదా, ఇది మే నెలలోనే ఎలా వచ్చింది? లోపల నల్లటి దారపు పోగులు చిక్కుబడినట్టు ఉన్నాయి.

భూతద్దం (మే 9)

ఆ దారపు పోగులే సమాధానం, ఇది వేరే పురుగు. ఎరియోక్రేనియా ప్రజాతి చిమ్మటల లార్వాలు రెట్టను పొడవైన పోగులుగా విసర్జిస్తాయి, బర్చ్ మీద ఇంకే పురుగుకూ ఆ అలవాటు లేదు. ఈ చిమ్మటలు ఆకులు విచ్చకముందే, వసంతారంభంలో ఎగిరి మొగ్గల్లో గుడ్లు పెడతాయి. చిమ్మటల వంశవృక్షంలో చాలా పాత కొమ్మ ఇది. దీని ప్యూపాకు పెద్ద దవడలు ఉంటాయి, మట్టిలోని గూటిని వాటితో కోసుకొని బయటపడుతుంది. లోపలి పురుగు తెల్లగా ఉందో బూడిదరంగులో ఉందో చూసి చెప్పండి. బూడిదరంగు అయితే అది ఎరియోక్రేనియా శాంగీ, తెల్లగా ఉంటే దగ్గరి జాతులు అనేకం ఉన్నాయి కనుక ఇంకా చూడవలసి ఉంటుంది.

నీలిమేఘం (మే 10)

తెల్లగానే ఉంది. ఒక బొబ్బ అప్పుడే ఖాళీ, అర్ధచంద్రాకారపు చీలిక మాత్రం మిగిలింది.

చిరుకొమ్మ (జూన్ 18)

ఈ ఉదయం సీసాలో కదలిక కనిపించింది. గోడకు అల్లుకున్న గూటి నుంచే వచ్చింది. మొదట దుమ్ము కణమనుకున్నాను. భూతద్దం కింద నల్లటి రెక్కలు, రెండు తెల్ల మచ్చలు, తల మీద రేగిన జుట్టులాంటి కుచ్చు కనిపించాయి. సీసాను కాస్త తిప్పితే ఎగరకుండా గోడ మీద గిరగిరా పరుగెత్తింది. నాచులోని నాలుగు గూళ్లలో రెండింటి నుంచి ఏమీ రాలేదు. మిగిలిన రెండింటి నుంచి వచ్చినవి చిమ్మటలు కావు, ఆకుపచ్చ లోహపు మెరుపుతో ఉన్న కందిరీగలు, ఒక్కొక్కటి ఒకటిన్నర మిల్లీమీటర్లు కూడా లేదు.

పాత పరిశీలకుడు (జూన్ 18)

అవి బదనికలు. యులోఫిడే కుటుంబానివి అయి ఉండవచ్చు కానీ, మాటల వర్ణనతో తేల్చలేము. వాటిని పారేయకండి. సారాయంలో వేసి, ఏ చెట్టు ఆకు, ఏ తేదీన ఏరారు, ఏ తేదీన బయటికి వచ్చింది అన్నది కాగితం ముక్క మీద పెన్సిలుతో రాసి ఆ సీసాలోనే వేయండి, సిరా అయితే కరిగిపోతుంది. ఖాళీ అయిన గూళ్లను కూడా విడివిడిగా ఉంచండి. చిమ్మట బయటపడిన గూటికీ, కందిరీగ బయటపడిన గూటికీ రంధ్రం ఒకేలా ఉండదు.

చిరుకొమ్మ (జూన్ 18)

చూశాను, నిజమే. చిమ్మట గూటికి ఒక చివర పెదవుల్లా తెరుచుకున్న చీలిక ఉంది. కందిరీగల గూళ్లకు పక్కన గుండ్రని చిల్లి ఉంది. చిమ్మటను సాయంత్రం ఆ బర్చ్ కొమ్మ మీదే వదిలేశాను.